మూపునెల పుట్టిన గట్టు

పూర్వం, ఆకాశంలో చంద్రుడన్నవాడే లేని ఒక లోకంలో, కొట్టిన మేకుల్లా నక్షత్రాలు ఉన్నచోటనే ఉండిపోయే నభోమండలం కింద, పన్నెండూళ్ళ సీమ అనే దేశం ధనధాన్యసమృద్ధితో విలసిల్లుతుండేది. తిథిని చెప్పడానికి చంద్రకళ లేక, ఋతువును చెప్పడానికి నక్షత్రగతి లేక, ఆ దేశపు ప్రజలు కాలాన్ని తెలుసుకోవడానికి ఒక్క తల్లినే నమ్ముకున్నారు. ఆమె సంవత్సరాంబ, పల్లెజనం నోట ఏడాదమ్మ. చందనపు కొయ్యతో మలిచిన ఆ తల్లి పల్లకీ ఎక్కి ఏటేటా పన్నెండు ఊళ్ళూ తిరిగేది. ఏ ఊళ్ళో దిగి పీఠం మీద కూర్చుంటే ఆ ఊరి పేరే దేశమంతటికీ నెల పేరు, ఆ ఊరి స్వభావమే దేశమంతటికీ ఋతువు. ఆమె చివురువాడలో అడుగుపెట్టిందంటే ఎక్కడో ఆమడల దూరంలోని మోడు కూడా ఎర్రగా చివురించేది. ఓబులవరంలో దిగిందంటే అన్ని ఊళ్ళ కప్పులూ కారేవి. మంచుకోనలో కూర్చున్నదంటే దేశంలోని ముసలివాళ్ళందరూ కుంపట్ల చుట్టూ చేరేవాళ్ళు. పంచాంగమంటే తక్కిన లోకాల్లో పండితులు విప్పి చదివే వస్తువు. ఇక్కడ మాత్రం అది మనుషుల భుజాల మీద ఎక్కి ఊరికి వచ్చేది.

తమ పేర ఒక నెల ఉన్నదంటే ఏ ఊరికి మాత్రం మిడిసిపాటు ఉండదు? మా వానతో పండిన అన్నమే కదా మీరు తింటున్నారని ఓబులవరంవాళ్ళు పెళ్ళిపంక్తుల్లో సైతం ఎత్తిపొడిచేవాళ్ళు. మా ఎండ లేకపోతే మీ మిరపకాయ ఎరుపెక్కేదా అని తిప్పవరంవాళ్ళు తిరగబడేవాళ్ళు. ఈ వేళాకోళాల సంగతి ఎలా ఉన్నా, నెలను బట్టి నడిచే రెండు ఆచారాలను మాత్రం అందరూ ప్రాణసమానంగా పాటించేవారు. మొదటిది నామకరణం. బిడ్డ ఏ నెలలో పుడితే ఆ నెల పేరు కలిసివచ్చేలా పేరు పెట్టి, అమ్మవారి ఒడిలో ఒక్క క్షణం పడుకోబెట్టి, మనుషుల లెక్కలో చేర్చుకునేవారు. రెండవది తిలోదకం. మనిషి ఏ నెలలో పోతే ఏటేటా ఆ నెలలో నీళ్ళు వదిలేవారు. పేరు లేని బిడ్డకు ఏ గడపలోనూ ప్రవేశం లేదు. నెల లేని మృతుడికి ఏ దోసిట్లోనూ నీళ్ళు లేవు.

ఈ పన్నెండూళ్ళలో చేరని జనావాసం ఒక్కటే ఉండేది. దాని పేరు బండమెట్ట. సంవత్సరంలో చివరి నెల గల మంచుకోనకూ, మొదటి నెల గల చివురువాడకూ నడుమ, కపిలవాక అనే ఏటి ఒడ్డున, గడ్డి కూడా బతిమాలించుకుని మొలిచే ఒక రాతిగట్టు అది. అక్కడుండేవాళ్ళు అమ్మవారి బోయీలు. ఊరి పొలిమేర లోపల ఆ ఊరివాళ్ళు మోసుకోవలసిందే గాని, పొలిమేరకూ పొలిమేరకూ నడుమ అడవుల్లో, కనుమల్లో, ఏళ్ళలో తల్లిని మోసే హక్కు బండమెట్టవాళ్ళది. హక్కు అని ఘనంగా అనుకున్నారే గాని, నెలలన్నిటినీ మోసి తెచ్చేవాళ్ళకు సొంతానికి ఒక్క నెల కూడా లేదు. తల్లి వాళ్ళ గట్టు మీదుగా ఒక పూటలో దాటిపోయేది, అంతే. కనుక వాళ్ళ బిడ్డలకు ఊళ్ళ నెలల పేర్లే పెట్టుకునేవాళ్ళు. అందుకని పన్నెండూళ్ళవాళ్ళు వాళ్ళను అరువుపేర్లవాళ్ళని పిలిచేవారు. పేరు ఇచ్చేవాడికి దయ లేకపోతే పుచ్చుకునేవాడికి రోషం ఉండకూడదా?

ఆ రోషం నిండుగా ఉన్న మనిషి ఓబమ్మ. ఆమె బోయీల పెద్ద గురవప్పకు కోడలు, తిప్పన్నకు ఇల్లాలు. ఆమె పసిబిడ్డగా ఉన్నప్పుడు పేరు కోసం ఎత్తుకొచ్చిన తల్లిని ఓబులవరంవాళ్ళు వానలో వీధి చివర నిలబెట్టి, తమ ఊరి బిడ్డలందరికీ అయినాక పిలిచారట. ఆ మాట తల్లి నోట విన్ననాటి నుంచీ ఓబమ్మకు తన పేరు తనను గుచ్చుతూనే ఉండేది. పెళ్ళైన చాలా ఏళ్ళకు కడుపు పండిన ఆమె, ఈ బిడ్డ పేరుకోసం ఎవరి వీధి చివరా నిలబడనని మామతో అన్నది. గురవప్ప నవ్వి, పేరు ఎవరిదైతేనేమి, మోసే భుజం మనదే కదా అన్నాడు. ఆయన ముందు వరుసలో, పల్లకీని మోసే కొయ్యల్లో ఎడమవైపు దండె కింద నడిచేవాడు. అక్కడ నడిచేవాడి అడుగే తక్కినవాళ్ళకు అడుగు. అతను పొరబడితే సంవత్సరమే తూలుతుంది. ఆయన పొరబడ్డాడని చెప్పినవాళ్ళు పుట్టలేదు.

అటువంటి కాలంలో ఒక ఏడు మంచుకోనవాళ్ళు ఒక తప్పు చేశారు. అది చెడ్డ బుద్ధితో చేసింది కాదు. వెళ్ళబోయే చుట్టాన్ని ఇంకొక్క పూట ఉండమని చేయి పట్టి లాగడం వాళ్ళకు పుట్టుకతో వచ్చిన గుణం. అల్లుడైనా అధికారైనా వాళ్ళ ఊరి నుంచి అనుకున్న పూటకు బయలుదేరి ఎరుగడు. ఆ ఏడు పంటలు విరగపండిన సంబరంలో అమ్మవారికి కూడా అదే మర్యాద జరిపించారు. అరిసెలు వండాలి ఉండమన్నారు, భజన ముగియలేదు ఉండమన్నారు, ముత్తైదువ ఒకామె పుట్టింటి నుంచి రావాలి ఉండమన్నారు. తల్లి కూర్చున్నంతసేపూ అది మంచునెలే గనుక, బండమెట్ట నెత్తిన నిలిచిన శిఖరం మీద ఎన్నడూ లేనంత మంచు గుట్టలుగా పేరుకుపోయింది. చివరికి కన్నీళ్ళతో పసుపుకుంకుమలిచ్చి సాగనంపారు. తల్లి పొలిమేర దాటీ దాటగానే మంచునెల ముగిసింది. ముగిసిన నెల మంచు ఇంకెందుకు నిలుస్తుంది? ఒక్క ఉదుటున కరగడం మొదలై కపిలవాకలోకి దిగింది.

అప్పటికి బోయీలు గట్టు దిగి ఏటి ఒడ్డున ఉన్న ఎదురుబండ అనే వెడల్పాటి రాతి మీదికి చేరారు. ఏటేటా చివురువాడ జనం మేళతాళాలతో రేవు దాటి వచ్చి, ఆ బండ మీదనే బోయీల భుజాల నుంచి తమ భుజాల మీదికి తల్లిని ఎత్తుకునేవారు. ఆనాడు కూడా అవతలి ఒడ్డున జనం బారులు తీరి ఉన్నారు. డప్పులవాళ్ళు పుల్లలు ఎత్తారు. ముందువరసలో కాలనిర్ణేత అనంతభట్టు హారతి పళ్ళెం పట్టుకుని నిలబడ్డాడు. పన్నెండూళ్ళకూ నెలల పుట్టుకనూ ముగింపునూ ప్రకటించే అధికారం ఆ బ్రాహ్మణోత్తముడిది. నిష్ఠాపరుడు, దయగలవాడు, పేదవాడి పెళ్ళికి పిలవకుండా వెళ్ళి మంత్రం చెప్పి వచ్చేవాడు. సరిగ్గా ఆ వేళకు, కొండ విరిగి పడ్డట్టు వరద దూసుకొచ్చి, ఇరు ఒడ్డుల నడుమ రేవును ముంచేసింది.

ముందుకు పోదామంటే ఏనుగును కూడా దొర్లించే నీళ్ళు. వెనక్కి పోదామంటే, సాగనంపిన నెలలోకి తల్లి తిరిగి అడుగుపెట్టడం శాస్త్రం ఒప్పదు. వెళ్ళిన నెల తిరిగి రావడమంటే చచ్చినవాడు లేచి రావడంతో సమానం. పోనీ దించి కూర్చుందామంటే, నెల లేని నేల మీద ఏడాదమ్మ పల్లకీ ఆనితే ఆ సంవత్సరం అక్కడికక్కడే పతనమైపోతుందని పెద్దలు చెప్పిన మాట. ఊతకర్రల మీద నిలపడానికీ వీల్లేదు, ఊతకర్ర ఆనేది ఆ నేలకే కదా. మనిషి ఒంటి మీద తప్ప మరెక్కడా ఆమెకు చోటు లేకపోయింది. గురవప్ప ఏటిని చూశాడు, శిఖరాన్ని చూశాడు, వెనక ఉన్నవాళ్ళను చూడకుండానే, నీళ్ళు తగ్గిందాకా మోద్దాం, అంతకంటే ఏముంది అన్నాడు. బోయీలు సరేనన్నారు.

మొదట్లో వాళ్ళు అవతలి ఒడ్డును గమనించలేదు. పొద్దు గుంకి మళ్ళీ పొడిచినాక చూస్తే, డప్పులవాళ్ళ పుల్లలు ఎత్తినవి ఎత్తినట్టే ఉన్నాయి. భట్టు పళ్ళెంలో కర్పూరం మంట వంగిన వైపుకే వంగి ఉంది. చివురువాడ పొయ్యిల పొగ ఇళ్ళమీద నాటిన స్తంభంలా నిలిచిపోయింది. తల్లి ఏ ఊళ్ళోనూ లేక, ముందుకు దారి కూడా మూసుకుపోయింది గనుక పన్నెండూళ్ళలోనూ కాలం ఆగిపోయిందని అప్పుడు అర్థమైంది వాళ్ళకు. అక్కడ తోడేసిన పాలు పెరుగు కాలేదు, పొదిగిన గుడ్డు పగలలేదు, జబ్బుపడ్డవాడికి తగ్గలేదు, పెరగలేదు. కాలం నడుస్తున్నది ఒక్క బండమెట్ట మీదనే. ఎందుకంటే తల్లి అక్కడ, వాళ్ళ భుజాల మీద ఉంది. ఇన్ని తరాలూ ఒక పూటలో దాటిపోయిన ఏడాదమ్మ తమ దగ్గర బస చేసిందని తెలిసి, అంత బరువు కిందా ఆ జనానికి ఒళ్ళు పులకరించింది.

పులకరింత బరువును తగ్గించదు. పొద్దులు వచ్చాయి, పోయాయి. ఎన్నని ఎవరూ లెక్కపెట్టలేదు, లెక్కపెట్టే తీరిక భుజానికి లేదు. ఒక జట్టు సొమ్మసిల్లితే ఇంకొక జట్టు దూరేది. మగవాళ్ళ భుజాల తోలు లేచిపోయాక, అంతవరకూ దండెను తాకడానికి కూడా వీలులేని ఆడవాళ్ళను గురవప్పే పిలిచాడు. ఇదేం అపచారమని ఎవరో గొణిగితే, తొమ్మిది నెలలు మోసేవాళ్ళకు ఒక నెల మోయడం నేర్పాలా అన్నాడు. ముసలమ్మలు మోశారు, అప్పుడే పురిటిమంచం దిగిన బాలింత మోసింది. ఒంటిచేతి అవిటివాడు, చేయి లేకపోతేనేం భుజముంది కదా అని వచ్చి మోశాడు. నిండు చూలాలైన ఓబమ్మను మాత్రం ఎవరూ దండె కిందికి రానివ్వలేదు. ఆమె గట్టు ఎక్కి గంజి కాచి తెచ్చి, నిలబడ్డవాళ్ళ నోళ్ళకు అందించేది.

అందరూ భుజం మార్చుకున్నారు గాని ఎడమ దండె ముందు చోటును గురవప్ప ఎవరికీ ఇవ్వలేదు. తిప్పన్న బతిమాలాడు, కోప్పడ్డాడు, చివరికి ఏడ్చాడు. తను తప్పుకుంటే జట్టు అడుగు చెదురుతుందని, చెదిరితే తల్లి తూలుతుందని, కాసేపు ఆగరా అని ముసలాయన దాటవేస్తూనే ఉన్నాడు. ఒకనాటి ప్రొద్దున ఓబమ్మ గంజి ముంత ఆయన నోటికి ఆనించింది. గంజి పెదవుల మీదుగా జారి ఛాతీ మీద కారింది. ఆమె మామా అని పిలిచింది, మళ్ళీ పిలిచింది. కళ్ళు తెరిచే ఉన్నాయి, కాళ్ళు బండ మీద తన్నిపెట్టినట్టే ఉన్నాయి, భుజం దండె కిందనే ఉంది, మనిషి మాత్రం లేడు. ప్రాణం పోయినా దింపకుండా మోసినవాణ్ణి ఆ పల్లకీ కింద నుంచి తీయడానికి నలుగురు పట్టవలసివచ్చింది. తిప్పన్న తండ్రి చోట భుజం పెట్టాడు. కొరివి పెట్టవలసిన కొడుక్కి కదలడానికి వీల్లేక, ఆ పనీ ఓబమ్మే చేసింది.

చితి నుంచి తిరిగి వస్తుండగానే ఆమెకు నొప్పులు మొదలయ్యాయి. ఇంటికి చేరే వ్యవధి లేక, ఎదురుబండ మీదనే, తన పెనిమిటీ తనవాళ్ళూ మోస్తున్న పల్లకీ నీడలోనే ఆమె ఆడబిడ్డను కన్నది. పైన నిలబడ్డ బోయీలు కన్నీళ్ళు తుడుచుకోవడానికి కూడా చేయి ఎత్తలేక అలాగే వదిలేశారు. ఒకే నెలలో ఆ ఇంట ఒక పోవడమూ ఒక రావడమూ జరిగాయి. ఆ నెల పేరేమిటన్న ప్రశ్న మాత్రం అప్పటికి ఎవరికీ తోచలేదు.

కొన్నాళ్ళకు శిఖరం మీది మంచు అడుగంటింది. నీళ్ళు తీసి, రేవులోని రాళ్ళు ఒక్కటొక్కటే వీపులు పైకెత్తాయి. ఆఖరి రాయి తేలగానే, తూము తెరిస్తే పొలానికి నీళ్ళు పారినట్టు, కాలం కూడా దారి దొరికి అవతలి ఒడ్డుకు పారింది. ఎత్తిన పుల్లలు డప్పుల మీద పడ్డాయి. భట్టు పళ్ళెంలో మంట రెపరెపలాడింది. చివురువాడ జనం గోలగోలగా రేవు దాటి ఎదురుబండకు వచ్చి, బోయీలను చూసి విస్తుపోయారు. వాళ్ళ లెక్కలో ఇప్పుడే కదా తల్లి గట్టు దిగింది! ఇప్పుడే నున్నగా గీయించుకున్న బోయీలకు ఇంతలో ఈ గడ్డాలేమిటి, పుండ్లు పడ్డ ఈ భుజాలేమిటి, ఆడవాళ్ళు దండె కింద ఉండడమేమిటి? ఓబమ్మ చేతిలో పసిగుడ్డును చూసి ఒక హాస్యగాడు, కడుపుతో గట్టెక్కి బిడ్డతో దిగావా అని నవ్వాడు. ఆమె చూసిన చూపుకు అతని నవ్వు సగంలోనే ఆగింది.

తిప్పన్న దండె కింద నుంచే జరిగినదంతా విన్నవించాడు. అనంతభట్టు శ్రద్ధగా విన్నాడు. అబద్ధమాడే ముఖాలు కావని ఆయనకు తెలుసు, అయినా ధర్మసంకటంలో పడ్డాడు. అప్పుడు ఓబమ్మ బిడ్డతో ముందుకు వచ్చి, ఈ బిడ్డ పుట్టిన నెల పేరేమిటో, మా మామకు ఏ నెలలో నీళ్ళు వదలాలో సెలవివ్వమని అడిగింది. భట్టు తన చేతిలోని పళ్ళెం వైపు చూశాడు. తల్లి ఏ ఊళ్ళోనూ దిగని రోజులకు పేరు ఉండదని, పేరు లేని రోజులను ప్రకటించడం తన వల్ల కాదని, తన పళ్ళెంలో కర్పూరం కూడా రవ్వంత తరగలేదని నొచ్చుకుంటూ చెప్పాడు. చెప్పి, జాలిపడి, ఒక ఉపాయం కూడా చెప్పాడు.

"కాసేపట్లో చివురునెల పుడుతుందమ్మా. నీ బిడ్డ అందులోనే పుట్టిందని నేను ప్రకటిస్తాను. మీ మామ మంచునెలలో పోయాడందాం. ఎవరికీ నష్టం లేదు."

ఆ మాటతో బోయీల్లో కొందరి ముఖాలు తేటపడ్డాయి. పెద్దాయన దయతో ఇస్తున్నాడు, పుచ్చుకో తల్లీ అన్నట్టు ఆడవాళ్ళు ఓబమ్మ వైపు చూశారు. కాదంటే బిడ్డ పేరు లేకుండా పోతుంది, ఏ గడపా తొక్కలేదు, పెద్దయ్యాక ఏ ఇంటి కోడలూ కాలేదు. అది ఓబమ్మకు తెలియనిది కాదు. ఆమె బిడ్డను గుండెకు హత్తుకున్నది. మాట్లాడినప్పుడు గొంతు పెంచలేదు.

"సామీ, మీరు మంచోరు. దయతోనే చెప్పినారు. నా బిడ్డకు అరువు పేరు పెట్టుకుంటా, మాకు అలవాటే. కానీ మా మామ సంగతేంది? ఆయన సచ్చిపోయింది మంచునెలలో కాదు. ఈ బండ మీద, మేం మోసిన రోజుల్లో. ఆ రోజులే లేవంటే ఆయన సావలేదని అర్థం. సావకపోతే ఇంకా ఆ దండె కిందనే నిలబడుండాడు. ముసలోణ్ణి ఇంకా ఎన్నాళ్ళు నిలబెడతారు సామీ?"

ఎటూ పాలుపోనప్పుడు పండితుడైనా పామరుడైనా చేసే పనే భట్టూ చేశాడు: ఆలస్యమవుతున్నదని, విత్తనాలు వేయవలసిన రైతులు కాచుకుని ఉన్నారని, ముందు తల్లిని ఎత్తుకోమని తన ఊరివాళ్ళకు సైగ చేశాడు. బండమెట్టవాళ్ళు పని ఎగవేసే జాతి కాదు. అలకకూ పనికీ ముడిపెట్టడం వాళ్ళ ఇంటావంటా లేదు. చివురువాడ యువకులు నూనె రాసిన భుజాలతో వచ్చి దండెల కింద చేరగానే, బోయీలు ఆచారం ప్రకారం ఒక్క అడుగు వెనక్కి వేసి భుజాలు తప్పించారు. తిప్పన్న ఎడమ దండె ముందు చోటు వదిలాడు.

ఆ చోట భుజం పెట్టబోయిన చివురువాడ యువకుడు, ఎవరినో గుద్దుకున్నవాడిలా వెనక్కి తూలాడు. మళ్ళీ వెళ్ళాడు, మళ్ళీ తూలాడు. అక్కడ కంటికి ఎవరూ లేరు. ఇంకొకడు వెళ్ళాడు, గజమల్లులనే పేరున్నవాళ్ళు వెళ్ళారు, ఎవరి భుజమూ ఆ దండె కింద దూరలేదు. తక్కినవాళ్ళు పల్లకీని ముందుకు లాగబోతే అది వేళ్ళు తన్నిన చెట్టులా ఉన్నచోటనే ఉంది. భయపడి వాళ్ళందరూ చేతులు వదిలి ఇవతలికి వచ్చేశారు. పట్టిన మనిషి ఒక్కడు కూడా లేకుండా, సంవత్సరాంబ పల్లకీ మనిషి భుజమెత్తున గాలిలో నిలిచింది. ఒక్క వేలెడు ఒరగలేదు. డప్పులు ఆగిపోయాయి. ఆ నిశ్శబ్దంలో రాయి నలిగిన చప్పుడొకటి వినవచ్చి అందరూ కిందికి చూస్తే, ఎడమ దండె ముందు చోట, నల్లటి బండలో, వెడల్పాటి రెండు పాదాల గుర్తులు మెల్లమెల్లగా లోతుకు దిగుతున్నాయి. కుడిపాదం చిటికెన వేలు చోటు ఖాళీగా ఉంది. గురవప్పకు ఆ వేలు లేదని బండమెట్ట అంతటికీ తెలుసు.

అనంతభట్టు హారతి పళ్ళెం కింద పెట్టి, ఉత్తరీయం తీసి నడుముకు చుట్టుకున్నాడు. దేవుడి ముందు తప్ప ఆయన అలా చుట్టుకోవడం ఎవరూ చూసి ఉండలేదు. ఆ పాదాల గుర్తులకు సాష్టాంగపడి లేచి, నిండు సభలో నెల పుట్టుకను ప్రకటించే స్వరంతోనే ఇలా ప్రకటించాడు. కాలం ఊళ్ళలో కూర్చుంటుందని మేమనుకున్నాం. ఊళ్ళలో విశ్రమిస్తుంది గాని, కాలం నడిచేది మోసేవాళ్ళ భుజాల మీద. పన్నెండూళ్ళూ శిలలై నిలిచిన వేళ సంవత్సరాన్ని బతికించిన రోజులు రోజులు కాకపోతే, తక్కిన పన్నెండు నెలలూ నెలలు కావు. ఇది పదమూడవ నెల. దీనికి పేరు పెట్టే అధికారం నాది కాదు, ఈ అమ్మది. అని ఓబమ్మ వైపు తిరిగాడు.

ఓబమ్మకు గొప్ప మాటలు రావు. మూపుల మీద మోసిన నెల గనుక మూపునెల అన్నది. ఆ నెలకు ఎన్ని రోజులని ప్రకటించాలమ్మా అని భట్టు అడిగితే, మోసేటప్పుడు లెక్కపెట్టలేదు సామీ, మీరూ పెట్టొద్దు అన్నది. ఆయన తలవంచి అలాగేనన్నాడు. బిడ్డకు మూపులమ్మ అని పేరు పెట్టారు. పన్నెండూళ్ళలో ఎవరి వీధి చివరా నిలబడకుండా పెట్టుకున్న ఆ పేరు విని, బండమెట్ట ఆడవాళ్ళు పమిట చెంగులు నోటికి అడ్డం పెట్టుకుని ఏడ్చారు. తరువాత ఓబమ్మ ఏటి నీళ్ళు దోసిట పట్టి, మూపునెలలో దివంగతుడైన గురవప్పకు అని పలికి, ఆ పాదాల గుర్తుల్లో వదిలింది. వదిలి, కంటికి కనిపించని ఆ ఖాళీ చోటు ముందు నిలబడి, ఇంట్లో మాట్లాడినట్టే మాట్లాడింది.

"మామా, నీ నెల నీకొచ్చింది. ఇంక భుజం దించు. మనోళ్ళుండారు, చూసుకుంటారు."

బోయీలు చప్పున దండెల కిందికి దూరారు. పల్లకీ, నిద్రపోయే బిడ్డను ఒక చేతి నుంచి ఇంకొక చేతికి అందించినంత మెత్తగా వాళ్ళ భుజాల మీద వాలింది. ఆనాడు చివురువాడ పొలిమేర దాటి పీఠం దాకా తల్లిని మోసింది బండమెట్టవాళ్ళే. ఊరివాళ్ళు వెనక నడిచారు. తల్లి పీఠం మీద కూర్చోగానే చివురునెల పుట్టి, దేశమంతా ఎర్రబడింది. అన్నిటికంటే ముందు, ఏనాడూ పచ్చదనమెరుగని బండమెట్ట గట్టు నెర్రెల్లో చివురు పొడిచిందని చెబుతారు.

ఆ పసిబిడ్డ మూపులమ్మే పెరిగి పెద్దదై, ఎదురుబండ మీద సంవత్సరాంబకు గుడి కట్టించి తొలి పూజారిణి అయింది. ఆమె పేరే అమ్మవారికీ నిలిచి, గట్టు మూపులమ్మగట్టు అయింది. ఆ గుడికి పీఠం లేదు; ఈ తల్లి ఇక్కడ కూర్చోదు. నేటికీ మంచునెల ముగిసి చివురునెల పుట్టేలోగా పల్లకీ ఆ బండ మీద ఆగుతుంది, వచ్చినవాళ్ళంతా వరుసగా భుజం పెడతారు. రాజైనా, పూజారైనా, ఆడైనా, మగైనా, మొక్కుకున్న పెళ్ళికూతురైనా పెట్టవలసిందే. వచ్చిన చివరి మనిషి భుజం పెట్టేదాకా అది మూపునెలే. ఒక ఏడు అది మూడు పొద్దుల్లో తీరుతుంది, ఇంకొక ఏడు పదిహేను పొద్దులు దాటుతుంది. అందుకనే పన్నెండూళ్ళవాళ్ళు రాసుకునే నెలల పట్టికల్లో ప్రతి నెలకూ రోజుల సంఖ్య వేసి, మూపునెల దగ్గర మాత్రం చోటు ఖాళీగా వదిలేస్తారు. మా లెక్కలు మీవాటికంటే సూక్ష్మమైనవని గొప్పలు చెప్పుకునే దూరదేశపు గణకులు ఆ ఖాళీని చూసి వెక్కిరించి, పండగకు వచ్చి భుజం పెట్టి, మాట్లాడకుండా వెళ్ళిపోతారు. ఇప్పుడు అరువు పేర్లు బండమెట్టవాళ్ళవి కావు. మూపునెలలో కాన్పు రావాలని మొక్కుకుని, నెలలు నిండిన కూతుళ్ళను బండి కట్టించి మరీ గట్టుకు తెచ్చుకుంటున్నారు పన్నెండూళ్ళవాళ్ళు.

అక్కడికి వెళ్ళినవాళ్ళు తప్పక చూడవలసినది ఒకటుంది. ఎంత జనం కిక్కిరిసినా, భుజం పెట్టడానికి ఎంతమంది తోసుకున్నా, ఎడమ దండె ముందు చోట ఎవరూ నిలబడరు. బండలో ఆ రెండు పాదాల గుర్తులుంటాయి, వాటి మీద ఏమీ ఉండదు. గురవప్ప తన తద్దినానికి తానే పనిలోకి దిగుతాడని బండమెట్టవాళ్ళు అంటారు. నమ్మనివాళ్ళు కూడా వంగి ఆ దండె కిందికి చూస్తారు. దాని కింద ఎవరూ ఉండరు, అయినా పల్లకీ ఎడమకు ఒరగదు.